కొంకిరాత చదివినవాడు

ఆ ఎండాకాలం తార్నాకలో రెండు మంటలుండేవి. ఒకటి పైనుంచి దిగేది; దానికి కూలర్ ఉంది. రెండోది మా ఆయన దేవేందర్ కడుపులోది; దానికి కూలర్ ఇంకా ఎవరూ కనిపెట్టలేదు. పెళ్లినాడు అంటుకున్న ఆ మంట, మా నాయిన కొమురెల్లి ఎప్పుడు చేతికి చిక్కుతాడా అని ఇరవై ఏళ్లకు పైగా కాచుకుని కూర్చుంది.

నా పేరు భాగ్య. భాగ్యనగరంలో భాగ్యలు బోలెడు మంది ఉండొచ్చు గానీ, ఒక పక్క తండ్రిని, మరో పక్క మొగుణ్ణి, మధ్యలో ప్రింటర్‌ని పెట్టుకుని కాపురం చేసిన దౌర్భాగ్యను నేనొక్కదాన్నే. మెట్రో స్టేషన్ వెనక సందులో మా డీటీపీ షాపు. ముందు గది షాపు, వెనక గదులు ఇల్లు. పెళ్లి పత్రికలు, పీహెచ్‌డీ థీసిస్‌లు, దశదినకర్మ కార్డులు: మనిషిని ముంచేవన్నీ మా దగ్గర ఒకే మిషన్‌లోంచి వస్తాయి.

మా వాళ్లు ఒకప్పుడు ఊరూరా తిరిగి ఇంటింటి వంశం పాడేవాళ్లు. ఎవరి ముత్తాత ఏ బావి తవ్వించాడు, ఎవరి అవ్వ ఏ ఊరి ఆడపడుచు, అంతా పాటలోనే. పాడినందుకు గింజలు, ఇంట్లో మిగిలిన కూడు. మాకు మా ఇంటి మాట వేరు, ఆ మాటకు రాత కూడా వేరు. దాని పేరు కొంకిరాత. ప్రతి అక్షరం కిందా కొక్కెంలా ఒక కొంకి వేలాడుతుంది. పైన తాడు కడితే బట్టలారేసుకోవచ్చు. ఆ మాట ఇప్పుడు మాణికేశ్వర్ నగర్‌లో కొన్ని ఇళ్లలో, బౌద్ధనగర్‌లో ఇంకొన్ని ఇళ్లలో మిగిలింది. రాత మాత్రం మా నాయిన దగ్గరే మిగిలింది.

ఆదివారం పూట మాణికేశ్వర్ నగర్‌లో ఒక వరండా మీద ఆయన కొంకిరాత నేర్పేవాడు. వాచకం ఒక్కటే. ఇంట్లోని పాత తాటాకుల్లోంచి కొంత తీసి ఆయన తాత అచ్చు వేయించింది, జిరాక్సుకు జిరాక్సు తీసి తీసి బొగ్గులా మారింది. పద్ధతి కూడా ఒక్కటే. నాయిన ఒక వాక్యం అంటాడు, మిగతావాళ్లు జిరాక్సు కాగితం చేతిలో పట్టుకుని వెంట అంటారు. మధ్యలో ఆపి "ఇది ఏ అక్షరం?" అని అడగకూడదు. అడగడమంటే పెద్దాయన నోటిని అనుమానించడం. అనుమానానికి జవాబు చెంపదెబ్బ. చిన్నప్పుడు నేనూ ఒకసారి అడిగాను. అక్షరం ముక్క రాలేదు గానీ చెంప మీద అయిదు కొంకులు తేలాయి.

ఇక పెళ్లి సంగతి. మా ఆచారం ప్రకారం పెళ్లిపందిట్లో పిల్ల తండ్రి అల్లుడి వంశం పాడాలి. దేవేందర్ మా వాడు కాదు. మేమిద్దరం ఇష్టపడి చేసుకున్నాం. జనమంతా చూస్తుండగా నాయిన గొంతు సవరించుకుని, "గీ బయటోని వంశం నా పాటల లేదు" అని చెప్పి కూర్చున్నాడు. జనం పగలబడి నవ్వారు. ఆ రోజు తలంబ్రాలకు వంచిన తలను దేవేందర్ చాలాసేపు ఎత్తలేదు. అమ్మ పోయాక నాయిన మా ఇంటికే వచ్చి ఉన్నాడు. వచ్చినా ఆ పిలుపు మారలేదు. "బయటోడా, ఫ్యాను పెంచు" అనేవాడు. ఫ్యాను బయటోడిది, కరెంటు బిల్లు బయటోడిది, గాలి మాత్రం లోపలోళ్లది.

అలాంటి ఇంటికి ఉగాది దాటగానే కరుణ మేడం వచ్చింది. యూనివర్సిటీలో అంతరించిపోతున్న లిపుల ప్రాజెక్టుకు ఆవిడే పెద్ద. కారు దిగడంతోనే నాయినకు దండం పెట్టింది.

"పెద్దయ్యా, కంప్యూటర్ల లోకంల ప్రతి అక్షరానికి ఒక నంబరుంటది" అంది. "తెలుగు అక్షరాలకున్నది, తమిళానికున్నది. నంబర్ లేని అక్షరం ఫోన్ల కనబడదు, ఖాళీ డబ్బా కనబడ్తది. ఆ నంబర్లిచ్చే కమిటీ విదేశాలల్ల ఉన్నది. వాళ్లకు రెండు కావాలె. ఒకటి ఫాంటు. రెండోది, ఇయ్యాల్టికి గూడ గీ రాత చదివేటోళ్లున్నరని రుజువు."

"నంబరొస్తే ఏమయితది బిడ్డా?"

"ఒక్కసారొస్తే ఇగ పోదు పెద్దయ్యా. లోకం ఉన్నన్ని దినాలు ఉంటది."

మా అమ్మ పోయినప్పుడు కూడా తడవని నాయిన కళ్లు తడిశాయి. ఆ క్షణం నుంచి ఆయనకు అన్నం సహించలేదు, నిద్ర పట్టలేదు. ఆయనకు కావలసింది ఒక్కటే: తను పోయేలోపు కొంకిరాతకు నంబర్లు రావాలి.

"ఫాంటు మావోడు చేస్తడు" అన్నాడు దేవేందర్ వైపు చెయ్యి చూపిస్తూ. ఊరకే చేసే పని రాగానే బయటోడు మావోడయ్యాడు.

దేవేందర్ చేశాడు. వాచకాన్ని స్కాన్ చేసి, మసిలోంచి ఒక్కో అక్షరాన్ని బయటికి లాగి, స్క్రీన్ మీద నున్నగా గీశాడు. మా అక్షరాలకు ఇంకా నంబర్లు లేవు కనుక ఇంగ్లిష్ అక్షరాల కుర్చీల్లో దొంగతనంగా కూర్చోబెట్టాడు. కె నొక్కితే మా 'క' పడుతుంది, ఎం నొక్కితే మా 'మ'. ఏ కుర్చీలో ఎవరిని కూర్చోబెట్టాలో తెలియాలంటే ఒక్కో అక్షరం పలుకు తెలియాలి. అందుకని నాయినను పక్కన కూర్చోబెట్టుకున్నాడు.

"మామా, గీ అక్షరం ఏంది?"

నాయిన కళ్లు మూసుకున్నాడు. మొదటి అక్షరం నుంచి ఎత్తుకుని, వేళ్ల మీద లెక్క పెట్టుకుంటూ, వరుసలో అది వచ్చేదాకా పాడి, అక్కడ ఆగి "మ" అన్నాడు.

"మరి గిది?"

మళ్లీ మొదటి నుంచి.

"ఏంది మామా, లిఫ్టు లెక్క ప్రతిసారి గ్రౌండ్ ఫ్లోర్ నుంచే వస్తున్నవు?"

"అక్షరాలను నడుమల నుంచి ఎత్తుకోవద్దురా బయటోడా. దోషం."

నేను నవ్వాను. దేవేందర్ నవ్వలేదు. మౌస్ వదిలేసి మామ ముఖంలోకి చూశాడు, బిల్లు ఎక్కువొచ్చిన నెలలో కరెంటు మీటర్ వైపు చూసినట్టు.

ఎండలు ముదిరాక క్యాంపస్‌లో పరీక్ష పెట్టారు. చదివేవాళ్లున్నారని రుజువు చేసే పరీక్ష. కరుణ మేడం బౌద్ధనగర్‌లో ఎవరినో అడిగి మా ఇంటి మాటలో కొన్ని కొత్త వాక్యాలు కట్టించి, తెలుగు అక్షరాల్లో రాసి దేవేందర్ ఒక్కడికే ఇచ్చింది. అతను వాటిని కొంకిరాతలో కొట్టి కాగితాలు తీశాడు. ఫాంటు రాకముందు కొంకిరాతలో కొత్త వాక్యమన్నదే లేదు. ఎవరు వేస్తారు, ఎక్కడ వేస్తారు? ఉన్నది ఆ ఒక్క వాచకమూ, ఎవరూ విప్పని ఆ పాత తాటాకులూ.

మొదట సాలమ్మను పిలిచారు. వరండా బడిలో అందరికన్నా పెద్ద గొంతు ఆమెదే. కాగితం అందుకుని, కళ్లకద్దుకుని, గణగణమని మొదలుపెట్టింది: పొద్దు పొడిచింది, కోడి కూసింది, కోడలు లేచింది. వాచకంలో మొదటి పాఠం. కాగితం మీద ఉన్నది బస్సు ఆలస్యంగా వచ్చిందనీ, పిల్ల జ్వరంతో పడుకుందనీ. కరుణ మేడం తన తెలుగు కాగితం చూసుకుంది, సాలమ్మను చూసింది, మళ్లీ కాగితం చూసుకుంది.

తరవాత అదే బడిలోని దయాకర్. అతనూ పొద్దు పొడిపించాడు, కోడిని కూయించాడు. వాచకంలో ఎక్కడ పేజీ తిరుగుతుందో సరిగ్గా అక్కడ చేతిలోని కాగితాన్ని తిప్పాడు. వెనక తెల్లకాగితం. దాన్ని కూడా తడుముకోకుండా చదివాడు.

ఒకరి వెనక ఒకరు అందరూ అదే కోడిని కోశారు. నా వంతు వచ్చింది. లేచి, "నా గొంతు పోయింది మేడం" అని హాలంతా వినబడేట్టు చెప్పాను.

"పెద్దయ్యా" అంది మేడం. గొంతులో చల్లదనం పోయింది. "వీళ్లు చదువుతలేరు, ఒప్పజెప్తున్నరు. మీరన్న చదువున్రి. లేకపోతే నేనేం రాయాలె రిపోర్టుల?"

నాయిన కాగితం తీసుకున్నాడు. చూశాడు. ఒక చేత్తో జేబులు తడుముకున్నాడు.

"అద్దాలు మరిచిన బిడ్డా."

అద్దాల కాడ ఆయన పైజేబులోంచి తొంగి చూస్తూనే ఉంది. అప్పుడర్థమైంది నాకు. ఆయన తండ్రి ఆయనకు అట్లాగే నేర్పాడు, ఆ తండ్రికి ఆయన తండ్రి అట్లాగే నేర్పాడు. నోటి నుంచి నోటికి వచ్చిన పాటలన్నీ ఆయనకు వచ్చు. అక్షరాలు వరుసలో నిలబడితే వచ్చు. వరుస తప్పి కలిసి కూర్చున్న అక్షరాలను కూడబలుక్కోవడం ఆయనకు రాదు. ఎన్నడూ అవసరం పడలేదు. మాలో ఎవరికీ రాదు.

దేవేందర్ లేచాడు. మామ జేబులోంచి అద్దాలు తీసి, చొక్కా అంచుతో తుడిచి, ముక్కు మీద పెట్టాడు. "చేతులు వణుకుతున్నయ్ మేడం, కాగితం నేను పట్టుకుంట" అన్నాడు. వంగి, చెవి దగ్గర నోరు పెట్టాడు. నేను పక్క కుర్చీలోనే ఉన్నాను. మా ఇంటి మాట, బయటోడి యాసలో, నాకు వినబడింది. బస్సు ఆలస్యంగా వచ్చింది.

నాయిన అద్దాలు సర్దుకున్నాడు. తరవాత గొంతెత్తి, "బస్సు ఆలస్యంగ వచ్చింది" అని మా మాటలో అన్నాడు. ఆ పైన పిల్ల జ్వరం. ఆ పైన అన్నీ.

కరుణ మేడం చప్పట్లు కొట్టింది. "ఒక్కరన్న దొరికిన్రు! జీవించి ఉన్న ఏకైక పాఠకుడు. గిదే రాసి పంపుత."

ఆటోలో ఇంటికొస్తూ నాయిన రోడ్డు చూశాడు, నేను నాయినను చూశాను, దేవేందర్ ఈలపాట పాడుకున్నాడు.

మర్నాడు పొద్దున చాయ్ దగ్గర మొదలైంది.

"చక్కెర తక్కువైంది మామా."

నేను లేవబోయాను.

"నువ్వు కూసో భాగ్యా. మామకు కండ్లే లేవు గని కాళ్లున్నయ్ గద."

నాయిన లేచి వెళ్లి చక్కెర డబ్బా తెచ్చాడు. చెంచాతో వేసి కలిపాడు కూడా.

"మామా, నన్నేమని పిలుస్తుంటివి నువ్వు?"

నాయిన చక్కెర డబ్బా మూత బిగించాడు.

"నా పేరు మరిచినవా? అద్దాలు పెట్టాల్నా?"

"దేవేందర్" అన్నాడు నాయిన.

"ఎన్క ఇంకేదో ఉండాలె."

"దేవేందర్ గారు."

బయటోడు అనే మాట ఆ పూటతో మా ఇంట్లోంచి బయటికి పోయింది. పోతూ పోతూ ఇంటిని కూడా వెంట తీసుకుపోయింది. ఒకరోజు షాపులో జిరాక్సుల కోసం వచ్చిన స్టూడెంట్లు నిలబడి ఉండగా దేవేందర్ మామను కేకేశాడు. "మా వంశం పాడు మామా, పిల్లలు వింటరు." నాయిన పాడాడు. దేవేందర్ తాత పేరు ఆయనకు తెలియదు, అడిగి తెలుసుకుని పాడాడు. తవ్వని బావులు తవ్వించాడు, కట్టని సత్రాలు కట్టించాడు. ఒక పిల్ల ఫోన్‌లో వీడియో తీసింది. దేవేందర్ కాళ్లూపుకుంటూ విన్నాడు. "ఇంకొంచెం పొగుడు మామా, మా తాత ఉత్త చేతులతోని పోయిండు" అన్నాడు.

"నీకు మనసున్నదా ఏమయ్యా?" అన్నాను, పిల్లలు పోయాక.

"ఉన్నది. అండ్ల మీ నాయిన చానా ఏండ్లు బాడుగ లేకుంట ఉన్నడు. ఇప్పుడు వసూల్ చేస్తున్న." స్క్రీన్ వైపు తిరిగి, "వద్దంటె చెప్పు. మేడంకు ఫోన్ చేస్త. రిపోర్టు చింపుతది, నంబర్లు పోతయ్. మీ ఇష్టం" అన్నాడు.

లోపలికి వెళ్తే నాయిన మంచం మీద కూర్చుని ఉన్నాడు. "ఊకో బిడ్డా. నంబర్ రానియ్" అన్నాడు.

"నాయినా, అక్షరాలొచ్చు గద నీకు. నేను గూడ కూసుంట. ఇద్దరం కలిపి కూడబలుక్కుంట నేర్చుకుందాం."

ఆయన చెయ్యి గాల్లోకి లేచింది. నా చెంప దాకా వచ్చి, ఆగి, మళ్లీ ఒళ్లో పడింది. "పెద్దోణ్ణి, నేను నేర్చుకునుడేంది?" అన్నాడు.

మే నెల చివర్లో క్యాంపస్‌లో సన్మానం. ఢిల్లీ నుంచి ఎవరో పెద్దమనిషి వచ్చాడు. విదేశీ కమిటీకి సిఫారసు రాయవలసింది ఆయనే. శాలువా, పూలదండ, వేదిక మీద నీళ్ల సీసాలు. పరీక్షలో తప్పినవాళ్లను పిలవలేదు, కాబట్టి ఆ హాలు మొత్తంలో మా ఇంటి మాట తెలిసినవాళ్లం ముగ్గురమే: నాయిన, నేను, చెవుల మీదుగా నేర్చుకున్న దేవేందర్.

"కొమురెల్లి గారి పూర్వీకుల తాటాకుల్లోంచి ఒక వాక్యాన్ని కొత్త ఫాంటులో ముద్రించాం" అని ప్రకటించింది కరుణ మేడం. "ఏకైక పాఠకులు ఇప్పుడు చదువుతారు. కుమార్తె భాగ్య గారు తెలుగులో చెబుతారు."

వాక్యాన్ని ఎంచిందీ కొట్టిందీ దేవేందర్. తాటాకుతో పోల్చి చూసే చదువు మేడంకు లేదు, తీరికా లేదు. అతనే కాగితం పట్టుకుని, మైకు సర్ది, మామ చెవి దగ్గరికి వంగాడు.

నాయిన నోరు తెరిచి, తెరిచినట్టే ఉండిపోయాడు. తలతిప్పి అల్లుణ్ణి చూశాడు. దేవేందర్ మళ్లీ చెప్పాడు, పసిపిల్లకు గోరుముద్ద పెట్టినంత నెమ్మదిగా.

నాయిన హాలు చూశాడు. మేడంను చూశాడు. ఢిల్లీ ఆయన తెరిచి పెట్టుకున్న ఫైలు వైపు చూశాడు. నన్ను చూడలేదు. గొంతు సవరించుకుని, ఒక్క అక్షరం మింగకుండా, పాటలో పాడినంత స్పష్టంగా అన్నాడు.

"భాగ్య గారూ, అర్థం?" మేడం మైకు నా ముందుకు జరిపింది.

 అబద్ధం చెప్పొచ్చు, కొండలూ వానలూ అని ఏదో కట్టి చెప్పొచ్చు. చెబితే రేపు మళ్లీ చక్కెర డబ్బా, ఎల్లుండి మళ్లీ వంశం పాట. నిజం చెబితే ఇక్కడితో తెగుతుందనుకున్నాను.

"అల్లుని ఇంట్ల ఎంగిలి తింట. అల్లుని నోటితోని మాట్లాడుత" అన్నాను. "గదీ మా నాయిన చదివింది."

 నేను దేవేందర్ వైపు చూశాను. అతని ముఖం తెల్లకాగితమైంది.

అప్పుడు ఢిల్లీ ఆయన నవ్వాడు. కడుపు పట్టుకుని నవ్వి, చప్పట్లు కొట్టాడు. కరుణ మేడం మైకు లాక్కుంది. "విన్నారా! ఇక్కడ అల్లుడంటే రాజ్యం! ఇంటింటా అడుక్కుతినే గాయకుడు తన దైన్యాన్నే ధిక్కారంగా మలిచాడు!" అంది. హాలంతా లేచి నిలబడి చప్పట్లు కొట్టింది. శాలువా జారుతుంటే నాయిన ఒక చేత్తో పట్టుకుని, రెండో చెయ్యి ఎత్తి అందరికీ దండం పెట్టాడు.

ఇంటికొచ్చాక అన్నం దగ్గర దేవేందర్ గొంతు తగ్గించి, "ఉత్త మజాక్ చేసిన మామా. అట్లయితదనుకోలె" అన్నాడు.

"మంచిగున్నది దేవేందర్ గారు" అన్నాడు నాయిన. అని, పళ్లెం శుభ్రంగా ఊడ్చుకుని తిన్నాడు.

ఆ తరవాత చాయ్‌లో చక్కెర తక్కువైనా దేవేందర్ అట్లాగే తాగేవాడు. "గారు వద్దు మామా" అని రెండు మూడుసార్లు బతిమాలాడు. నాయిన ఒక్కసారి కూడా వదల్లేదు. "అట్లనే దేవేందర్ గారు" అనేవాడు. మొగుడికీ తండ్రికీ మధ్య మాటలు మోయడం నా పనైంది. ఇద్దరూ నాతో కూడా అవసరానికి మించి మాట్లాడేవాళ్లు కాదు. ఇంత నోరున్నదాన్ని, ఇంట్లో నోరు మూసుకున్న ఫ్రిజ్జులా నిలబడ్డాను.

మేడంకు ఆ వాక్యం తెగ నచ్చింది. క్యాంపస్ లోపల, మాణికేశ్వర్ నగర్ వైపు పోయే రోడ్డు పక్కన పెద్ద ఫ్లెక్సీ కట్టించింది. పైన కొంకిరాతలో ఆ వాక్యం, పక్కన నాయిన ఫొటో, దాని పక్కన అంతకంటే పెద్దగా మేడం ఫొటో. వాక్యం కింద, కొంకిరాతలోనే, ఒక చిన్న మాట. ఆ డిజైను మా షాపులోనే జరిగింది. దేవేందర్ రెండు గంటలపాటు తలుపు దగ్గరికి వేసుకుని చేశాడు. ఆ చిన్న మాట ఏమిటో నాతో అన్నాడు గానీ నాయినతో అనడానికి అతనికి ధైర్యం చాలలేదు. నాకూ చాలలేదు.

మొదటి వానకు జవాబొచ్చింది. ఒక్క మనిషి చదివినంత మాత్రాన దాన్ని వాడుకలో ఉన్న లిపి అనలేం, చదివే జనం తయారయ్యాక మళ్లీ రాయండి అని కమిటీ రాసిందట. కరుణ మేడం ఫోన్‌లో రెండు ముక్కలు చెప్పి, తను ఇంకో లిపి ప్రాజెక్టుకు మారిపోయానని, బిజీగా ఉన్నానని పెట్టేసింది.

నాయిన అప్పుడు ఇంట్లో లేడు. పొద్దున పూట క్యాంపస్‌లో నడక ఆయనకు అలవాటు. ఈ మాట దేవేందర్ నోటి నుంచి వినకూడదని గొడుగు తీసుకుని నేనే బయల్దేరాను.

తుంపర పడుతోంది. నాయిన ఫ్లెక్సీ ముందు నిలబడి ఉన్నాడు. పెదాలు కదులుతున్నాయి. అదే వాక్యం. హాల్లో అన్ననాటి నుంచి అది ఆయనకు కంఠతా ఉన్నదే కదా అనుకుని దగ్గరికి వెళ్లాను. ఆయన ఒప్పజెప్పడం లేదు. ఒక్కో పలుకు దగ్గర ఆగి, దాని కొంకిని పట్టి పట్టి చూస్తున్నాడు. వెనక్కి వెళ్తున్నాడు. పైన చూసిన కొంకిని కిందనున్న ఆ చిన్న మాటలో వెతుకుతున్నాడు. ఎన్ని పొద్దుల నుంచి ఇట్లా నిలబడుతున్నాడో.

"కొ" అన్నాడు.

"నాయినా, ఇంటికి పోదాం. తడుస్తున్నవు."

"ఆగు బిడ్డా." మెడ ముందుకు చాచాడు. "ము..."

రోడ్డు మీద స్టూడెంట్ల బైకొకటి హారన్ కొట్టుకుంటూ పోయింది. ఆయన కదల్లేదు. పై వాక్యంలోకి వెళ్లి ఏదో వెతికి తెచ్చుకుని మళ్లీ కిందికి దిగాడు.

"రె..." చాలాసేపు ఆగాడు. "ల్లి."

వాన కొంచెం పెద్దదైంది. గొడుగు ఆయన మీదికి జరిపాను.

"గిది నా పేరు" అన్నాడు.

"అవు నాయినా."

"పైన గామాట నేనే అన్నట్టు, కింద నా పేరు రాసిన్రు."

"అవు."

తల ఊపాడు. మరోసారి పైనుంచి కిందిదాకా, ఎంగిలి నుంచి తన పేరు దాకా, ఆగి ఆగి మొత్తం చదివాడు. తరవాత నా వైపు తిరిగాడు. ఆ ముఖంలో ఏముందో చూడలేక నేను గొడుగు పిడిని చూశాను.

"నాకెవ్వలు చెప్పలె బిడ్డా" అన్నాడు. "నేనే చదివిన."